పోలా నాటి సెలవు

పత్తి చేలో రోబో లేదు. తిరుమల చేనంతా వెతికింది. ఆకుల కింద పురుగును పసిగట్టే ఆ యంత్రాన్ని కంపెనీ ఆమెను నమ్మి సిరొంచకు పంపింది. మధ్యాహ్నం పెద్దసారు చూడటానికి వస్తున్నాడు. ఈలోగా దొరక్కపోతే ఉద్యోగం ఊడినట్టే.

చక్రాల జాడ నేరుగా బుచ్చన్న కొట్టం వైపు సాగింది. చేను ఆయనదే. రోబో దిగిన రోజున, "ఈ డబ్బా నా ఎడ్ల పని గుంజుకుంటది" అని తిట్టిపోసిందీ ఆయనే.

వాకిట్లో ఆయన భార్య వెంకటవ్వ ఎదురైంది.

"తాత ఏడి అవ్వా?"

"పొద్దుగాల్నుంచి కొట్టంలనే ఉన్నడు. నన్ను గూడ రానిస్తలేడు."

"రోబోను పలగ్గొట్టిండా ఏంది?"

"ఏమో బిడ్డా. చప్పుడైతే రాలే."

తిరుమల కొట్టం తలుపు తోసింది. కొమ్ములకు రంగులేసిన రెండు ఎడ్ల పక్కన రోబో గుంజకు కట్టేసి ఉంది. దాని మెడలో గంటల పట్టెడ, ముందు పళ్లెంలో పోలెలు.

"తాతా, ఇదేం పని?"

బుచ్చన్న తల దించుకున్నాడు.

"నేనే పట్టుకొచ్చిన బిడ్డా. ఇయ్యాల పోలా పండుగ. ఎడ్లకు సెలవిచ్చి దీన్నొక్కదాన్ని చేన్ల తిప్పుతె పాపం గాదా? నీళ్లు పోయలే, తడిబట్టతోని తుడిచిన. పోలె పెడితె ముడుతనే లేదు. నీ మాట వింటది గదా, జర తినుమని చెప్పు."