మెట్ల మీద పడే మనిషి

"ఇంకోసారి పడాలి" అన్నాడు దర్శకుడు పెవరిల్.

వానలో తడిసిన ముసలాయన మెట్ల కింద నుంచి మెల్లగా లేచాడు. మోచెయ్యి దోక్కుపోయింది.

ససెక్స్‌లోని ఆ పాత బంగళాను మూకీ సినిమా వాళ్ళు అద్దెకు తీసుకున్నారు. అన్న ఆస్తి కాజేసి, తమ్ముడు అతన్ని గుమ్మంలోంచి గెంటేసే కథ.

అన్న వేషానికి ఈ ముసలాయన తనంతట తానే వచ్చాడు. ఏ ఊరివాడో ఎవరికీ తెలీదు.

"ఎంతసేపయ్యా? ఇల్లంతా బురద చేశారు!" విసుక్కున్నాడు బంగళా యజమాని లయొనెల్.

"అయిపోయింది సార్. వెలుతురు కూడా పోతోంది."

ముసలాయన వణుకుతూ లయొనెల్ దగ్గరికొచ్చాడు.

"దొరా, కాసేపు లోపల కూర్చోనిస్తారా?"

"లోపల నీకేం పని?"

"పొయ్యి దగ్గర... టీ తాగేంతసేపు."

"నువ్వు వారసుడివి సినిమాలోనే తాతా! బయటే ఉండు."

అందరూ నవ్వారు. ముసలాయనా నవ్వాడు, ఓపిక లేని నవ్వు.

మళ్ళీ పడ్డాడు. ఈసారి వెంటనే లేవలేదు. గుమ్మం వైపు చెయ్యి చాచి ఏదో అన్నాడు.

"భేష్!" అరిచాడు పెవరిల్. "ఏమన్నావు తాతా?"

"బొమ్మకి మాటలెక్కడివి బాబూ? ఏమంటేనేం?"

ఆ వారమే జ్వరం ముదిరి ధర్మాసుపత్రిలో పోయాడు. వెంట ఎవరూ లేరు. ఊరివాళ్ళే పూడ్చారు.

చలికాలంలో సినిమా ఊళ్ళోకి వచ్చింది.

మన ఇల్లు తెరమీద చూద్దువుగాని అని లయొనెల్ నాయనమ్మని చక్రాల కుర్చీలో తీసుకెళ్ళాడు. ఆవిడ గది దాటడమే అరుదు. చెవులు వినపడక ఏళ్ళయింది. ఎవరేమన్నా పెదాలు చూసి తెలుసుకుంటుంది.

తెరమీద ముసలాయన పడ్డాడు. పెదాలు కదిలాయి.

'నా ఆస్తి నాకివ్వు, ద్రోహీ!' అని అక్షరాలు వచ్చాయి. జనం చప్పట్లు కొట్టారు.

"అబద్ధం" అంది నాయనమ్మ గట్టిగా. "వాడు అన్నది అది కాదు."

లయొనెల్ ఆవిడ వైపు వంగాడు.

"'ఇల్లు మీరే ఉంచుకోండి, అమ్మని ఒక్కసారి చూడనివ్వండి' అన్నాడు."

"ఊరుకో నాయనమ్మా, ఎవరో కూలికొచ్చిన ముసలాడు..."

ఆవిడ అతని పెదాలు చూడటం లేదు. తెర వైపే చూస్తోంది.

"ఆఫ్రికాలో చచ్చిపోయాడని మీ నాన్న నన్ను నమ్మించిన నా పెద్దకొడుకురా వాడు, మా ఆంబ్రోస్."