మొదటి వరసలో నవ్వు

"మళ్ళీ నవ్విందండీ ఆ ముసలావిడ! సరిగ్గా పసిబిడ్డని ఇచ్చేసే చోటే!"

హోల్జర్ కోపంగా పియానో మూత మీద చరిచాడు. లైప్‌జిగ్‌లో ఆ చిన్న సినిమా హాలు అతనిదే. మాటల్లేని బొమ్మకి పక్కన కూర్చుని పియానో వాయించే ఒటీలీ, మధ్యాహ్నం ఆట ముగించి అప్పుడే లేస్తోంది.

"హాలంతా రుమాళ్ళు తడుపుకుంటుంటే ముందు వరసలో ఇకిలింపులు! నాలుగు రోజుల్నించీ ఇదే తంతు. రేపట్నించి లోపలికి రానివ్వను."

"ఉండండి, నేను అడిగి చూస్తాను."

ఒటీలీకీ వింతగానే ఉంది. కథలో పేదతల్లి తన బిడ్డని గొప్పింటావిడ చేతుల్లో పెట్టి, కళ్ళనీళ్ళతో ఏదో అంటుంది. 'ఈ బిడ్డకి నేనేమీ కానమ్మా' అని తెర మీద అక్షరాలు పడతాయి. రాయి కూడా కరిగే చోటు అది.

ముసలావిడ ఇంకా కుర్చీలోనే ఉంది. సబ్బునీళ్ళకి పగిలిన చేతులు. ఒటీలీ ఆమె వెనక నిలబడి పిలిచింది. పలకలేదు. భుజం తట్టింది.

"ఇటు తిరిగి చెప్పు తల్లీ. యుద్ధానికి ముందే జ్వరమొచ్చి చెవులు పోయాయి. పెదాలు చూసే మాటలు తెలుసుకుంటాను."

"ఎందుకు నవ్వుతున్నావమ్మా? మా యజమాని రేపట్నించి రావద్దంటున్నాడు."

ముసలావిడ బెదిరిపోయింది. "అయ్యో! ఈ బొమ్మ ఎత్తేసేదాకా రానివ్వమని చెప్పు తల్లీ. ఇంక నవ్వను. ఆ అక్షరాలు ఉత్తవి. ఆ పిల్ల అనేది అది కాదు."

"మరేమంటోంది?"

"'మోకాళ్ళ నొప్పి తగ్గిందా? చలికి మేజోళ్ళు తొడుక్కుంటున్నావా?' అంటోంది."

ఒటీలీ పకపకా నవ్వింది. "అంత ఏడుస్తూనా! ఎవర్నిట, ఆ పసిగుడ్డునా?"

"వాళ్ళమ్మని. 'అమ్మా' అనే మొదలెట్టింది."

"ఆ వేషం వేసిన లియోనా ఫాన్ రీడెన్‌కి అమ్మెక్కడిది? సేనాపతిగారి మనవరాలు. పురిట్లోనే తల్లి పోయిందని పత్రికల్లో రాశారుగా. ఆ వంశం చూసేగా బెర్లిన్ సినిమావాళ్ళు పిలిచి వేషమిచ్చారు!"

ముసలావిడ శాలువా కప్పుకుని మెల్లగా లేచింది.

"చచ్చిపోయానని చెప్పమన్నది నేనే."