కిటికీ పక్క సీటు

"వాడితో 'వద్దు' అని మాత్రం అనకండి" అంది టీచరమ్మ, కారెక్కుతూనే.

అప్పటికే ఆలస్యమైంది. "బాబూ, ఆ బటన్ నొక్కకు" అని డ్రైవరు అనడమూ, ఆమె నాలుగేళ్ల పెద్దాడు నొక్కడమూ, అద్దం దిగి వాన జల్లు లోపలికి కొట్టడమూ అయిపోయాయి.

"చూశారా? వద్దన్న పని చెయ్యకపోతే వాడికి అన్నం అరగదు. మనం ఆ ఊసెత్తకుండా ఉంటే వాడే మర్చిపోతాడు."

"అలాగే మేడం" అన్నాడు డ్రైవరు, అద్దం ఎక్కిస్తూ.

ముందు సీట్లో కూర్చున్న పెద్దాయన ఒకసారి వెనక్కి తిరిగి చూశాడు. షేరింగ్ కారు కదా, ఆయన ముందే ఎక్కాడు. నెరిసిన గడ్డం, ఒళ్లో చేతిసంచి.

ఆమెకి ఆ చూపు నచ్చలేదు. ఆ పూట ఆమెకి ఏదీ నచ్చేలా లేదు. టీకా వేయించుకున్న దగ్గర్నుంచీ చంటిది ఒకటే ఏడుపు. ఒళ్లు వెచ్చబడుతోంది. బుక్ చేసిన రెండు కార్లు దగ్గరదాకా వచ్చి మరీ రద్దయ్యాయి. క్లినిక్‌కి వస్తానన్న మొగుడు మీటింగులో ఉన్నాడు. జ్వరం పెరిగేలోపు ఇద్దర్నీ క్షేమంగా ఇంటికి చేరిస్తే చాలు.

చంటిదాన్ని ఒళ్లో పెట్టుకుని ఆమె ఇటు తలుపు పక్కన కూర్చుంది. పెద్దాడు అటు కిటికీ పట్టేశాడు.

"బెల్టు పెట్టుకో నాన్నా."

"పెట్టుకోను."

కారు కదిలింది. ఆమె భర్తకి ఫోన్ చేసింది.

"ఏ కారులోనైనా బిగించుకునే పిల్లల సీటు ఒకటి కొందామని ఎన్నాళ్లుగా మొత్తుకుంటున్నాను?"

"చూద్దాంలే" అన్నాడు అవతల్నుంచి.

"ఎప్పుడు చూస్తారు? బళ్లో పిల్లలు వినరు, ఇంట్లో మీరు వినరు, మీ కొడుకు సరేసరి. నా మాట వినే మనిషి ఈ భూమ్మీద ఇంకా పుట్టలేదు."

స్పీడ్ బ్రేకరు మీద కారు ఎగిరిపడింది. ఎక్కడో టక్కుమంది.

పెద్దాయన డ్రైవరు ముందు డ్యాష్‌బోర్డు లైట్ల వైపు చూశాడు. వెనక్కి చూశాడు. డ్రైవరు చెవిలో ఏదో గొణిగాడు. కారు రోడ్డు పక్కన ఆగింది.

ఆయన దిగి, అటు తలుపు తీసి, పెద్దాణ్ణి అమాంతం ఎత్తి మధ్యలో కూర్చోబెట్టాడు. వాడికి బెల్టు బిగించాడు. కిటికీ పక్కన తను కూర్చున్నాడు.

"ఏమిటండీ ఇది?"

"నేనిక్కడ కూర్చుంటానమ్మా."

"ముందు సీటుకేమొచ్చింది?"

"ఇక్కడే బావుంది."

"నా కిటికీ" అని పెద్దాడు రాగం అందుకున్నాడు. నిద్రలోకి జారుతున్న చంటిది లేచి వాడికి వంత పాడింది.

"చిన్నపిల్లాడితో సీటుకి పోటీయా? మీ వయసుకి తగ్గ పనేనా?"

ఆయన సొంత కారులో కూర్చున్నంత దర్జాగా తలుపు మీద చెయ్యేసి బయటికి చూస్తున్నాడు.

"మీరైనా చెప్పండి" అంది డ్రైవరుతో.

"సార్ ఇష్టం మేడం" అన్నాడు డ్రైవరు, తల తిప్పకుండా.

"ఈ తాత చెడ్డ తాత" అన్నాడు పెద్దాడు. ఎప్పుడూ లేనిది, ఆమె వాణ్ణి కసరలేదు.

మార్కెట్ దగ్గర కారు నెమ్మదించింది.

"సార్, మీరు దిగాల్సింది ఇక్కడే."

"పోనియ్. ముందు వాళ్లని దింపు."

ఆమె చంటిదాన్ని దగ్గరికి పొదువుకుని ఒంటి చేత్తో భర్తకి మెసేజ్ కొట్టింది. 'కారులో ఒకాయన దిగడం లేదు. మన ఇంటిదాకా వచ్చేలా ఉన్నాడు.'

జవాబుగా బొటనవేలు బొమ్మ వచ్చింది.

ఇల్లు వచ్చింది. ఆమె తనవైపు నుంచే పెద్దాణ్ణి కిందికి లాగింది. వాడి కాలు నేల మీద ఆనాక ఆయన కూడా దిగి, తలుపుని రెండు చేతులా నెట్టాడు.

"మా ఇల్లు చూసి పెట్టుకుందామనా? ఈ వీధిలో మనుషులున్నారు. ఇంకోసారి ఇటు కనిపిస్తే మర్యాదగా ఉండదు."

"అది కాదమ్మా..."

"ఏదైతే మాకేం? నడవండి."

ఆయన కుడిచెయ్యి విదిలించుకుంటూ, సంచి నెత్తిన పెట్టుకుని, వచ్చిన దారినే వానలో నడిచాడు.

ఆమె వరండాలో నిలబడే ఫోనులో ఫిర్యాదు రాసింది. తోటి ప్రయాణికుడు, దురుసు ప్రవర్తన. పంపాక గానీ ఊపిరి ఆడలేదు.

అప్పుడే కారు వెనక్కి తిరుగుతోంది. ఆ ఊపుకి, ఆయన కూర్చున్న పక్క తలుపు దానంతటదే బార్లా తెరుచుకుంది.

డ్రైవరు దిగాడు. ఎంత గట్టిగా వేసినా పడలేదు. డిక్కీలోంచి తాడు తీశాడు.

"ఏమైంది దానికి?" అంది ఆమె గేటు దగ్గరికొచ్చి.

"స్పీడ్ బ్రేకరు దగ్గర గడియ ఊడిపోయింది మేడం. తలుపు లైటు వెలగ్గానే సార్ చూశారు. దారంతా ఆయనే లాగిపట్టుకున్నారు."

"మరి చెప్పరేం? ఇద్దరికీ నోళ్లు లేవా?"

డ్రైవరు తాడు ముడి వంకే చూస్తూ అన్నాడు.

"నేను చెబుతానన్నాను మేడం. సారే ఆపారు. 'ఆ పిల్లాడి ముందు తలుపు ఊసెత్తావంటే లాగేస్తాడు. వాళ్లమ్మ ఎక్కగానే చెప్పింది, వినలేదూ?' అన్నారు."

ఆమె వానలోకి వచ్చి రోడ్డు చివరిదాకా చూసింది.

తను చెప్పిన మాట చెప్పినట్టు విన్న ఆ ఒక్క మనిషీ అప్పటికే మలుపు తిరిగిపోయాడు.