చప్పుడు చచ్చిన జాగా

టేకడవిలో ఆకు రాలిందంటే బావురుపిల్లికి ఉపవాసాలే. అడుగు వేస్తే ఎండుటాకు కరకరమనేది, కౌజుపిట్టలు తుర్రుమనేవి. అలాంటిది ఓ పొద్దున, ఏ మాయో ఏమో, వాగు పక్కన చప్పుడన్నదే పుట్టని జాగా ఒకటి వెలిసింది. అందులో కొమ్మ విరిగినా వినబడదు, పిడుగు పడ్డా వినబడదు.

"ముంగిస తమ్ముడూ, నా పంట పండింది! నువ్వూ రారా!" అని పిల్లి గంతులేసింది.

"నాకు నా చెవులు కావాలక్కా. నేను రాను" అన్నాడు ముంగిస.

"పిరికిపందా!" అంటూ పిల్లి లోపలికి దూరింది. కాళ్ళ కింద ఆకులు నుగ్గునుగ్గవుతున్నాయి, ఇసుమంతైనా చప్పుడు లేదు! సంబరంతో గుండె ఎగిరెగిరి పడుతోంది. ఎదురుగా కౌజులు, చెవులు పనిచెయ్యని చోటు కాబట్టి, వీపుకు వీపు ఆనించుకుని తలో దిక్కు చూస్తూ కూర్చున్నాయి. పిల్లి పొద చాటున పాకి పాకి ఒక్క గెంతు దూరానికి చేరింది.

అప్పుడు ఇటు తిరిగున్న పిట్ట కళ్ళు ఇంతింతయ్యాయి.

"అయ్యో, చూసేసిందే!" అనుకుంది పిల్లి.

ఆ కళ్ళు పిల్లిని చూడటం లేదు. పిల్లి వెనక, ఎండుటాకుల మీద తాపీగా నడిచొస్తున్న చిరుతపులిని చూస్తున్నాయి.