గురువుగారి పేరుబిళ్ళ

జపాన్ నగరం సెందాయ్‌లోని ఆ భౌతికశాస్త్ర ప్రయోగశాల గుమ్మం పక్కన అందరి పేర్లతో చెక్కబిళ్ళలు వేలాడుతుంటాయి. లోపలున్నవాళ్ళది నల్లవైపు, వెళ్ళిపోయినవాళ్ళది ఎర్రవైపు. కువబరా గురువుగారు పోయి ఇరవయ్యేళ్ళయినా ఆయన బిళ్ళ తీసెయ్యడానికి ఎవరికీ చేతులు రాలేదు. ఎర్రగానే ఉండిపోయింది.

ఆ రాత్రి ఆయన శిష్యురాలు షిగెనో అలవాటుగా తన బిళ్ళని నల్లవైపు తిప్పి, లోపలికి వెళ్ళబోతూ ఆగిపోయింది. గురువుగారి బిళ్ళ నల్లగా ఉంది.

లోపల నీళ్ళు మరుగుతున్న చప్పుడు. గురువుగారికి ఇష్టమైన వేయించిన బార్లీ టీ వాసన. ఆమె కళ్ళు చెమర్చాయి.

"గతంలోంచి ఒకడు వచ్చినంత మాత్రాన కాలమేం చిరిగిపోదర్రా," అని పాఠం చెప్పేవారాయన. "వాడికి చోటివ్వడానికి ఇక్కడున్నవాళ్ళలో ఒకర్ని తప్పిస్తుంది, అంతే."

"అయితే మీరొస్తే నేనే తప్పుకుంటాలెండి," అని షిగెనో వేళాకోళమాడేది.

"షిగెనో! టీ చల్లారిపోతోందే. ఇంకా ఎంతసేపు?" అదే గొంతు, అదే విసుగు.

"వచ్చేశా గురువుగారూ!" చెప్పులు విప్పుతూ అరిచింది.

లోపల ఎవరో కప్పు బల్లమీద పెట్టారు. ఓ నిట్టూర్పు వినిపించింది.

"ఈ పిల్ల ఇక రాదు కాబోలు."

"ఇక్కడే ఉన్నానండీ!"

గుమ్మం పక్కన ఆమె బిళ్ళ మెల్లగా ఊగుతోంది, ఎర్రవైపు తిరిగి.