బట్టన్‌ను తలచుకో

ఇంకో టేకు గంగలో కలిసింది. ట్రూడీ కళ్లలో చుక్క నీరు లేదు.

డైరెక్టర్ డంకన్‌కు ఒళ్లు మండిపోతోంది. తీస్తున్నది ఆదివారం సాయంత్రాలు ఇంటిల్లిపాదీ కూర్చుని చూసే టీవీ సీరియల్. కథలో జూలై నెల. బయట టొరంటో శివార్లలో నవంబరు చలి. నోట్లోంచి ఆవిరి కనబడకూడదని ప్రతి టేకు ముందూ తొమ్మిదేళ్ల ట్రూడీ చేత ఐసు ముక్క చప్పరింపిస్తున్నారు. పల్చటి గౌనులో వణుకుతూ ఆ పిల్ల చెప్పినవన్నీ చేస్తోంది, ఏడవడం తప్ప.

సీను చిన్నదే. పొలం అమ్ముకుని పోతున్న కుటుంబం తమ కుక్కను పక్కింటివాళ్లకు ఇచ్చేస్తుంది. చిన్నకూతురు దాన్ని కావలించుకుని ఏడవాలి.

"గ్లిజరిన్ వేసేద్దామా?" అన్నాడు కెమెరామన్ బర్నీ.

"వేస్తే నీళ్లు కారతాయి. మొహం ఏడవదు."

"నీ మొహం పొద్దుట్నించీ ఏడుస్తూనే ఉందిగా. దాన్నే తీసేద్దాం."

డంకన్‌కు నవ్వు రాలేదు. ఇవాళ కూడా ఏడవకపోతే ఈ పిల్లను మార్చేయమని నిర్మాత తెగేసి చెప్పాడు. ఆ మాట ట్రూడీ చెవినా పడింది. పాపం, దానికిదే మొదటి వేషం.

ఏరికోరి తెచ్చుకున్నదీ డంకనే. అంతకుముందు తీసుకున్న అమ్మాయి కుక్కను చూసి కుర్చీ ఎక్కి కూర్చుంది. అందుకే ఈసారి ఇంట్లో కుక్క ఉన్న పిల్లలే రావాలని షరతు పెట్టాడు. ట్రూడీ ఎంపిక జరిగే గదిలోకి ఒక్కతే వచ్చి తన బట్టన్ గురించి గలగలా చెప్పేసింది. దానికి ఒక చెవి నలుపట, ఉరిమితే మంచం కింద దూరుతుందట, సాక్సులు ఎత్తుకుపోతుందట. ఇప్పటికీ మధ్యాహ్నం భోజనంలో మాంసం ముక్క దానికోసమని రుమాల్లో చుట్టుకుంటుంది. అంత ప్రేమ ఉన్న పిల్లకు ఏడుపు రాకపోవడమేమిటో డంకన్‌కు అంతుపట్టడం లేదు.

"బట్టన్‌ను తలచుకో తల్లీ," అన్నాడు ఎన్నోసారో. "దాన్నెవరో తీసుకుపోతున్నారనుకో."

"తలచుకుంటూనే ఉన్నానండీ. రావట్లేదు." ట్రూడీ గొంతు తగ్గించింది. "నన్ను తీసేస్తారా?"

డంకన్ కెమెరా వైపు తిరిగాడు.

సెట్లో పిల్లకు పాఠాలు చెప్పే మిస్ ఆర్చర్ గడియారం చూసుకుంటూ వచ్చింది. పనివేళ దాటితే పిల్లను అక్కడ నిలబడనివ్వదు ఆవిడ.

"ఇదే ఆఖరు, డంకన్. తర్వాత నువ్వు తలకిందులుగా తపస్సు చేసినా పంపను."

డంకన్‌కు ఓపిక నశించింది. ట్రూడీని పక్కకు తీసుకెళ్లి, ఆ పిల్ల ఎదురుగా మోకాళ్ల మీద కూర్చున్నాడు.

"మీ అమ్మ ఫోన్ చేసింది. బట్టన్ రోడ్డు మీదికి పరిగెత్తిందట. లారీ కింద పడిందట."

ట్రూడీ మొహం పాలిపోయింది.

"అమ్మే చెప్పిందా?"

"అమ్మే చెప్పింది."

పిల్ల పెదవి వణికింది. కెమెరా ముందుకు వెళ్లేసరికి ఏడుపు కట్టలు తెంచుకుంది. బర్నీ అంతటివాడు ముక్కు ఎగబీల్చాడు. ఒక్క టేకుతో సీను అయిపోయింది.

"ఈ పిల్లను వదలకు," అని నిర్మాత డంకన్ భుజం తట్టి వెళ్లాడు.

డంకన్‌కు మాత్రం తనమీద తనకే అసహ్యం వేసింది. నిజం చెప్పేలోపే మిస్ ఆర్చర్ వెక్కుతున్న పిల్లను పొదివి పట్టుకుని తీసుకుపోయింది.

సాయంత్రం ట్రూడీ తల్లి డోనట్ల కొట్టులో డ్యూటీ దిగి, కూతుర్ని తీసుకెళ్లడానికి వచ్చింది. డంకన్ తలవంచుకుని ఎదురెళ్లాడు.

"తప్పు చేశానమ్మా. ఏడిపించడానికని బట్టన్ చచ్చిపోయిందని అబద్ధం చెప్పాను. ఇంటికెళ్లగానే ముందు దాన్ని చూపించండి."

ఆవిడ అయోమయంగా చూసింది.

"దేన్ని చూపించమంటారండీ, మాకసలు కుక్కే లేదు."