అమ్మ కుట్టిన జేబు

"ఇటివ్వండి వదినా, మిషన్ మీద పెడితే రెండు నిమిషాల పని," అంది టైలరమ్మ, అప్పటికి మూడోసారి.

ఇంటావిడ ఇవ్వలేదు. ఒళ్లో ఉన్న నీలం స్కర్టును ఇంకొంచెం దగ్గరికి లాక్కుని, "మీరా మాట అన్నారు, అదే చాలు వదినా," అని నవ్వింది.

చేసిన మేలు సంగతికొస్తే కృతజ్ఞత చెప్పుకోవలసింది టైలరమ్మే. అయిదు రోజుల క్రితం జోరువానలో సామాను వేసుకుని ఆ ఇంటి కింది వాటాలో దిగింది. కుట్టుమిషన్ తడుస్తోందని ఇంటాయన, ఆయన కూతురు పరుగున వచ్చి చెరో పక్కా పట్టుకుని లోపలికి చేర్చారు. ఆమెకు అన్నం పెట్టేది ఆ మిషనే. ఇంటావిడ అంతటితో ఊరుకోలేదు. మర్నాడు పొద్దున్నే వీధిలో నలుగురి దగ్గరికీ వెళ్లి, "మా కింద మంచి టైలరమ్మ దిగింది" అని చెప్పి వచ్చింది. సాయంత్రానికల్లా టైలరమ్మకు ఊపిరి సలపనంత పని. వీళ్లకు నేనేం చేయగలను అని ఆమె అనుకుంటుండగా ఈ స్కర్టు కంటపడింది.

అమ్మాయికి సోమవారం నుంచి గ్రంథాలయంలో ఉద్యోగం. నిచ్చెనెక్కి పుస్తకాలు సర్దాలి. తాళాలూ ఫోనూ పెట్టుకోవడానికి స్కర్టుకు జేబు లేదు.

"మీ అమ్మకు కుట్టు అలవాటున్నట్టు లేదు. నాకివ్వు తల్లీ," అంది టైలరమ్మ అమ్మాయితో.

"వద్దత్తా. అమ్మే కుట్టాలి. లేకపోతే జేబు లేకుండానే వెళ్తాను."

పోనీ ఆ పిల్ల పని రానిదా అంటే అదీ కాదు. పాత దుప్పటి ముక్క మీద తన అరచెయ్యి ఆనించి చుట్టూ సుద్దతో గీసింది. వేలెడు వెడల్పు ఎక్కువ వదిలి రెండు ముక్కలు చక్కగా కత్తిరించింది. స్కర్టు పక్క కుట్టును చెయ్యి పట్టేంత మేర విప్పింది. సూదిలో దారం కూడా తనే ఎక్కించి, తల్లి చేతికిచ్చి, ఎదురుగా బాసింపట్టు వేసుకుని కూర్చుంది.

ఇంటావిడ కుట్టసాగింది. గుడ్డ మాటిమాటికీ ఎడమ చేతిలోంచి జారిపోతోంది. ఒక కుట్టు తూర్పుకు పోతే ఇంకోటి పడమటికి పోతోంది. చూస్తున్న టైలరమ్మకు వేళ్లు దురద పెట్టాయి. అంతలో దుప్పటి ముక్క మీద ఎర్రటి చుక్క కనిపించింది.

"వదినా, సూది గుచ్చుకుంది!"

"అయ్యో, స్కర్టుకేమైనా అంటిందా?" అంది ఇంటావిడ కంగారుగా.

టైలరమ్మ గబగబా కిందికి వెళ్లి, సూది గుచ్చుకోకుండా వేలికి తొడుక్కునే ఇత్తడి టోపీ తెచ్చింది. అంట్లు తోముతున్న ఇంటాయన చేతులు తుడుచుకుంటూ వచ్చి అడ్డుపడ్డాడు.

"అది వద్దమ్మా. ఉత్త చేత్తోనే కుట్టనీ."

టైలరమ్మకు ఒళ్లు మండింది. ఇంటి పనంతా నెత్తిన వేసుకునే మనిషి, ఈ ఒక్క విషయంలో ఇంత కర్కశంగా ఉండటమేమిటి? కానీ వానలో మిషన్ మోసిన చేతులవి. టోపీని కొంగున ముడేసుకుంది. కుట్టనివ్వకపోతే పోనీ, నేర్పడానికి ఎవరూ అడ్డు చెప్పరుగా అనుకుని ఇంటావిడ పక్కన చాప మీద చతికిలబడింది.

"ముక్కను బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య గట్టిగా పట్టండి. సూదిని అర అడుగు వెనక్కి, ఒక అడుగు ముందుకు... మొండి దూడను తోలినట్టు. ఆఁ, అలాగే!"

మొదటి సాయంత్రం కుట్టిందంతా విప్పేశారు. రెండో సాయంత్రం సగం నిలిచింది. టైలరమ్మ తన పనులు పక్కన పెట్టి మరీ వచ్చేది. వచ్చిన ప్రతిసారీ ఇంటావిడ, "మీరు దేవతలా దొరికారు వదినా," అనేది. ఏం చేశానని ఈవిడ ఇంతగా పొంగిపోతోందో టైలరమ్మకు అర్థమయ్యేది కాదు.

ఆదివారం మధ్యాహ్నానికి జేబు అడుగు పూర్తయింది. మూతి దగ్గర రెండు గట్టి కుట్లు వేస్తే అయిపోతుంది.

"బరువంతా అక్కడే పడుతుంది వదినా. నిదానంగా..."

"అబ్బా!"

సూది కింద పడింది. ఇంటావిడ ఎడమ చూపుడువేలు పైకెత్తి దాని వైపే చూస్తూ ఉండిపోయింది. వంటగదిలోంచి ఇంటాయన తడి చేతులతోనే పరుగెత్తుకొచ్చాడు.

"ఏమన్నావు? ఇప్పుడేమన్నావు?"

"అబ్బా అన్నాను."

"ఎందుకన్నావు?"

"చురుక్కుమందండీ! ఇదిగో, ఇక్కడ!"

అమ్మాయి కెవ్వున అరిచి తల్లి మెడకు చుట్టుకుంది. ఇంటాయన గోడకు జారగిలబడి నవ్వుతున్నాడు. చెంపల మీదుగా నీళ్లు కారిపోతున్నాయి.

టైలరమ్మ ఇక తట్టుకోలేకపోయింది. "ఏం మనుషులండీ మీరు! ఆవిడ వేలు నొప్పి పెడుతుంటే పండగ చేసుకుంటారా?"

"వాళ్లను కోప్పడకండి వదినా," ఇంటావిడ ఆమె రెండు చేతులూ పట్టుకుంది. "మీరు పక్కన కూర్చోకపోతే మొదటి రోజే సూది పారేసేదాన్ని. మీకు చేతులెత్తి మొక్కాలి."

"నాకెందుకు మొక్కడం? నేనొక్క కుట్టయినా వేయలేదు!"

ఇంటాయన భుజం మీది తువ్వాలుతో కళ్లు తుడుచుకున్నాడు.

"పద్నాలుగు నెలలుగా ఆ చేతికి స్పర్శ లేదమ్మా."